కుబ్రిక్ తియ్యని సినిమా గురించి ఇక చాలు

పోయినేడాది హైదరాబాద్‌లో ఒక చిన్న ఫిల్మ్ క్లబ్ వాళ్లు 'స్పోర్‌లోస్' వేశారు. 1988 నాటి డచ్ సినిమా. ఇంగ్లిష్‌లో 'ద వానిషింగ్' అంటారు. షోకి ముందు పది నిమిషాలు మాట్లాడమని నన్ను పిలిచారు. మాట్లాడాను. అందులో ఏడెనిమిది నిమిషాలు స్టాన్లీ కుబ్రిక్ గురించే. ఈ సినిమా చూసి ఆయన ఎంత భయపడ్డాడట, ఇందులో నటించిన యొహానా తెర్ స్టేగెని తన తర్వాతి సినిమాకి ఎలా ఎంచుకున్నాడు, ఆ సినిమా ఎలా ఆగిపోయింది, ఆవిడ ఎంత దురదృష్టవంతురాలు... ఈ కథ చెప్పడం నాకు బాగా అలవాటు. ఎక్కడ ఆగాలో, ఎక్కడ గొంతు తగ్గించాలో కూడా తెలుసు. హాల్లో ఉన్న ముప్పై మందీ "అయ్యో" అన్నారు.

సినిమా అయ్యాక కుర్చీలు సర్దుతుంటే, డిగ్రీ చదువుతున్న ఒకమ్మాయి వచ్చి అడిగింది. "అన్నా, ఆమె తర్వాత ఏం సినిమాలు చేసింది?"

"పెద్దగా ఏం లేవు" అన్నాను.

ఇంటికొచ్చేదాకా ఆ మాట నన్ను వదల్లేదు. ఎందుకంటే నాకసలు తెలీదు. 'తెలీదమ్మా' అని ఒప్పుకోవడం కంటే, ఒక మనిషి ముప్పై ఏళ్లు చేసిన పనిని 'లేదు' అనెయ్యడం ఆ క్షణంలో నాకు తేలిగ్గా తోచింది. పైగా ఆ 'లేదు' నా కథకి బాగా అతికింది కూడా. దురదృష్టవంతురాలి కథలో తర్వాత ఏమీ ఉండకూడదు కదా.

ఆ తర్వాత కొన్ని నెలలు పట్టి ఆవిడ సినిమాలు దొరికినవి దొరికినట్టు చూశాను. ఈ వ్యాసం ఆ అమ్మాయికి జవాబు. అలాగే నాలాగా మాట్లాడేవాళ్లందరితో, ముందు నాతోనే, ఒక తగాదా.

*

ముందు ఆ కథేమిటో చెప్పేస్తాను.

యూదుల నరమేధం మీద సినిమా తియ్యాలని కుబ్రిక్‌కి చాలా ఏళ్లుగా ఉండేది. 1991లో లూయిస్ బెగ్లీ నవల 'వార్‌టైమ్ లైస్' వచ్చింది. నాజీలు ఆక్రమించిన పోలండ్‌లో ఒక యూదు కుర్రాడూ, వాళ్లమ్మ తోబుట్టువు తాన్యా దొంగ కాయితాలతో క్యాథలిక్కులమని చెప్పుకుంటూ ప్రాణాలు దక్కించుకునే కథ. కుబ్రిక్ దాన్ని 'ఆర్యన్ పేపర్స్' పేరుతో తియ్యాలనుకున్నాడు. తాన్యా పాత్రకి యొహానాని తీసుకున్నాడు. దుస్తులు వేయించి ఫొటోలు తీయించాడు. లొకేషన్లు వెతికించాడు. 1993 చివరికొచ్చేసరికి మొత్తం పక్కన పెట్టేశాడు. ఆ డిసెంబర్‌లోనే స్పీల్‌బర్గ్ 'షిండ్లర్స్ లిస్ట్' విడుదలైంది. అదే విషయం మీద రెండో సినిమాగా రావడం ఒక కారణమనీ, ఆ విషయమే ఆయన్ని బాగా కుంగదీసిందనీ దగ్గరివాళ్లు తర్వాత చెప్పారు.

అంతే కథ. ఇందులో అబద్ధమేమీ లేదు. నా గొడవ ఈ కథతో కాదు, దీన్ని మనం కూర్చోబెట్టిన చోటుతో. యొహానా గురించి నేను చదివిన ఏ పరిచయంలో చూసినా రెండో వాక్యమో మూడో వాక్యమో ఇదే. ఆ వాక్యాలు కాస్త జాగ్రత్తగా చదవండి. ఎంచుకున్నది కుబ్రిక్. ఆలోచించింది కుబ్రిక్. కుంగిపోయింది కుబ్రిక్. ఆపేసింది కుబ్రిక్. ఆవిడ కెరీర్ అని చెప్పే పేరాలో ఆవిడ చేసిన పని ఒక్కటీ లేదు! జరగనిదాన్ని ఒక నటి జీవితానికి నడిబొడ్డున పెట్టి, జరిగినవాటిని చుట్టూ తుక్కులా పోశాం.

'స్పోర్‌లోస్'ని మెచ్చుకోవడానికి కూడా మనకి ఆయనే కావాలి. తను చూసినవాటిలో ఇంత భయపెట్టిన సినిమా లేదని కుబ్రిక్ దర్శకుడితో అన్నాడని చెబుతారు. అనే ఉంటాడు. కానీ సినిమా మన కళ్లముందే ఆడుతున్నప్పుడు, దాని బలం ఏమిటో చెప్పడానికి ఆయన సర్టిఫికెట్ ఎందుకు?

*

కాబట్టి సర్టిఫికెట్ లేకుండా చూద్దాం. (చూడనివాళ్లకి హెచ్చరిక: కథ చెప్పకుండా ఈ మాట చెప్పలేను.)

'స్పోర్‌లోస్' అంటే డచ్‌లో 'జాడ లేకుండా' అని. టిమ్ క్రాబె రాసిన 'బంగారు గుడ్డు' అనే చిన్న నవల ఆధారంగా జార్జ్ స్లౌజర్ తీశాడు. రెక్స్, సాస్కియా అనే జంట కారులో ఫ్రాన్స్‌కి సెలవులకి బయల్దేరతారు. పెట్రోల్ బంక్ దగ్గర ఆగినప్పుడు సాస్కియా కూల్‌డ్రింక్ కొనడానికి లోపలికి వెళ్తుంది. మరి తిరిగి రాదు. మూడేళ్లు రెక్స్ ఆమె కోసం వెతుకుతూనే ఉంటాడు. చివరికి, ఆమెకేం జరిగిందో తెలుసుకోవాలంటే అదే నీకూ జరగాలని హంతకుడు పెట్టిన షరతుకి ఒప్పుకుంటాడు.

సాస్కియా తెర మీద ఉండేది ఎంతసేపు? మొదటి అరగంట చుట్టుపక్కల. తర్వాత ఒకసారి గతంలోకి వెళ్లినప్పుడు కొంచెంసేపు. ఇప్పుడు ఆలోచించండి. మూడేళ్లయినా ఒక మనిషి వెతకడం మానలేకపోతున్నాడంటే, తెలుసుకోవడానికి ప్రాణం కూడా పణంగా పెడుతున్నాడంటే, మనం నమ్మాలి. 'వీడికేమైనా పిచ్చా' అని మధ్యలో ఒక్కసారి అనిపించినా సినిమా కూలిపోతుంది. ఆ నమ్మకం మొత్తం ఆ అరగంటలో యొహానా సంపాదించి పెట్టాల్సిందే. తర్వాత ఆవిడకి అవకాశం లేదు.

ఎలా సంపాదించింది? మంచి ప్రేయసిలా నటించి కాదు. కారు సొరంగం మధ్యలో పెట్రోల్ అయిపోయి ఆగిపోతే, రెక్స్ ఆమెని చీకట్లో వదిలేసి వెళ్లిపోతాడు. ఆమె అరుస్తుంది. తిరిగొచ్చాక కోపం చూపిస్తుంది. ఆ కోపం ముద్దుగా ఉండదు. నిజంగానే ఉంటుంది. బంక్ దగ్గరికి చేరేసరికి ఆ కోపం ఒక్కసారిగా పోదు, కొంచెం కొంచెంగా దిగుతుంది. అప్పుడు ఇద్దరూ చెట్టు మొదట్లో రెండు నాణేలు పాతిపెట్టుకుంటారు. నన్నిక ఎప్పుడూ వదిలెయ్యనని ఒట్టు పెట్టమంటుంది. బంగారు గుడ్డులో ఒంటరిగా తేలుతున్నట్టు తనకొచ్చే పీడకల గురించి అంతకుముందే చెప్పి ఉంటుంది. ఈ పది నిమిషాల్లో చిరాకు, బతిమాలడం, ఆటపట్టించడం, మళ్లీ నమ్మడం అన్నీ ఒకదాంట్లోంచి ఒకటి వస్తాయి. మనింట్లో మనిషిని చూసినట్టుంటుంది.

ఇక చివర్లో వచ్చే ఆ గతం ముక్క. కాఫీ మెషిన్ దగ్గర హంతకుడితో వచ్చీరాని ఫ్రెంచ్‌లో మాట్లాడుతూ, మాట తప్పుపోయినప్పుడల్లా నవ్వుతూ, అతని తాళాలగుత్తికున్న 'ఆర్' అక్షరం చూసి రెక్స్‌కి అలాంటిది కొనివ్వాలని ముచ్చటపడుతుంది. ఆమె పట్టుబడింది ఆ ముచ్చటవల్లే. ఆ మొహంలో జాగ్రత్తా ఉంది, సంతోషమూ ఉంది. సంతోషం గెలుస్తుంది. నేను చూసిన సినిమాల్లో ఇంతకంటే భయంకరమైన నవ్వు లేదు.

అది ఆవిడ మొదటి సినిమా. యూరోపియన్ ఫిల్మ్ అవార్డులు మొట్టమొదటిసారి 1988లో పశ్చిమ బెర్లిన్‌లో ఇచ్చినప్పుడు ఉత్తమ సహాయనటి అవార్డు ఆవిడకే వచ్చింది. నా పది నిమిషాల ఉపన్యాసంలో ఈ ముక్క లేదు. కుబ్రిక్‌కి టైం సరిపోవాలి కదా.

*

ఇంకో రెండు సినిమాలు చెప్పాలి, రెండు వేర్వేరు కారణాలతో.

ఒకటి రాబర్ట్ ఆల్ట్‌మన్ 1990లో తీసిన 'విన్సెంట్ అండ్ థియో'. వాన్ గో అన్నదమ్ముల కథ. టిమ్ రాత్ విన్సెంట్, పాల్ రైస్ థియో. థియో భార్య యో బోంగర్‌గా యొహానా. ఈ యో బోంగర్ ఎవరో తెలుసుకోవడం అవసరం. 28 ఏళ్లకే భర్త పోయాడు. చేతిలో ఏడాది పిల్లాడు. ఇంటినిండా ఎవరూ కొనని బొమ్మలు. ఆ బొమ్మల్ని దాచి, ప్రదర్శనలకి పంపి, అన్నదమ్ముల ఉత్తరాల్ని పేర్చి 1914లో అచ్చువేయించి, విన్సెంట్ వాన్ గో అనే పేరు ప్రపంచానికి తెలియడానికి అందరికంటే ఎక్కువ పనిచేసిన మనిషి ఆవిడ. సినిమాలో ఇదంతా లేదు. సినిమా అన్నదమ్ముల చావుల దగ్గర ఆగిపోతుంది. వాళ్లిద్దరి పిచ్చిప్రేమ మధ్యలోకి కోడలిగా వచ్చిన అమ్మాయి పాత్రే ఆవిడకి మిగిలింది.

రెండోది ఫిలిప్ గరెల్ 1991లో తీసిన సినిమా. పేరుకి తెలుగులో అర్థం చెప్పాలంటే 'ఇక గిటార్ వినబడటం లేదు'. ఆ ఏడాది వెనిస్‌లో సిల్వర్ లయన్ వచ్చింది. గాయని నికో 1988లో చనిపోయింది. గరెల్, నికో దాదాపు పదేళ్లు కలిసున్నారు. ఈ సినిమాలో మరియాన్ అనే పాత్ర నికో నీడే. ఒక మగవాడు తను పోగొట్టుకున్న స్త్రీని గుర్తుచేసుకుంటూ తీసిన సినిమా ఇది. దర్శకుడి జ్ఞాపకంలో అప్పటికే ఒక మనిషి ఉంది, ఆ మనిషి లోకానికంతటికీ తెలిసిన గాయని. ఆ నీడలోకి వెళ్లి అనుకరించకుండా నిలబడటం మాటలు కాదు. యొహానా నికోలా పాడాలని చూడదు, నికోలా కనబడాలని చూడదు. గదిలో కూర్చుని ఎదుటివాడు చెప్పే ప్రేమమాటలు వింటుంది, అంతే. వింటున్నప్పుడు ఆ మాటల్లో ఎన్నో వంతు నిజమో లెక్కేస్తున్నట్టుంటుంది. సినిమా అతని జ్ఞాపకమే అయినా ఆ చూపు మాత్రం అతనిది కాదు.

ఇప్పుడు వరసగా పెట్టి చూడండి. సాస్కియా: రెక్స్ వెతుకులాటలో ఒక ఖాళీ. యో బోంగర్: అన్నదమ్ముల కథలో అంచున ఉన్న భార్య. మరియాన్: ఒకడి జ్ఞాపకం. 1994లో బెర్నార్డ్ రోజ్ తీసిన 'ఇమ్మోర్టల్ బిలవ్డ్'లో బేతోవెన్ మరదలు యొహానా. బేతోవెన్ రాసిన ప్రసిద్ధ ప్రేమలేఖ ఎవరికన్నది ఆ సినిమాలో చిక్కుముడి. బేతోవెన్ ఎవర్నైతే జీవితమంతా తిట్టి, కొడుకు కోసం కోర్టుకీడ్చాడో ఆవిడకే అని చివర్లో తేలుస్తారు. చరిత్రకారులు దీన్ని ఒప్పుకోరు, ఆ సంగతి వేరు. 1999లో షార్ల్ మాటన్ తీసిన 'రెంబ్రాంట్'లో ఆవిడ చిత్రకారుడి భార్య. ఆ పాత్ర పేరు కూడా సాస్కియానే!

మగవాళ్ల కథల్లో మాయమైపోయే స్త్రీలు, పక్కనుండే స్త్రీలు, చివర్లో బయటపడే స్త్రీలు. సినిమా ఇండస్ట్రీ ఆవిడకి ఇచ్చినవి ఎక్కువగా ఇవే. ప్రతిసారీ ఆ ఖాళీలో ఒక అసలు మనిషిని తెచ్చి కూర్చోబెట్టడమే ఆవిడ పనైంది. ఇంత చూసి, ఇంత తెలిసీ, సినిమా ప్రేమికులం అని చెప్పుకునే మనమేం చేశాం? ఆవిడనే తీసుకెళ్లి ఒక గొప్ప మగవాడి కథలో ఖాళీగా మార్చేశాం. కుబ్రిక్ జీవితంలో దొరకని సాస్కియాని చేశాం. జాడ లేకుండా చేసింది ఎవరో కాదు, మనమే.

*

ఇక ఎమ్మా సంగతి. ఈ వ్యాసం రాయడానికి అసలు కారణం ఈ సినిమానే.

హంగేరీ దర్శకుడు ఇస్త్వాన్ సాబో 1992లో తీసిన సినిమా 'స్వీట్ ఎమ్మా, డియర్ బ్యోబె'. బెర్లిన్‌లో సిల్వర్ బేర్ వచ్చింది. ఎమ్మా, బ్యోబె బుడాపెస్ట్‌లో ఒక స్కూల్లో టీచర్లు. పల్లెటూళ్ల నుంచి వచ్చినవాళ్లు. టీచర్ల హాస్టల్లో ఒకే గదిలో ఉంటారు. ఇద్దరూ చెప్పేది రష్యన్. కమ్యూనిస్టు ప్రభుత్వం పోయింది. రాత్రికి రాత్రి రష్యన్ ఎవరికీ అక్కర్లేదు. ఇప్పుడు ఇంగ్లిష్ చెప్పాలి. ఇంగ్లిష్ వాళ్లకి రాదు. సాయంత్రం నేర్చుకుని పొద్దున్నే పిల్లలకి చెప్పాలి. పిల్లలకి తెలిసిపోతుంది. ఎమ్మాగా యొహానా.

ఈ సినిమా నేను ఏలూరులో మా పిన్ని వాళ్లింట్లో చూశాను. పిన్ని సోషల్ టీచర్. ముప్పై ఏళ్లు తెలుగు మీడియంలో చెప్పింది. రిటైర్మెంటుకి నాలుగేళ్ల ముందు వాళ్ల బడి ఇంగ్లిష్ మీడియం అయింది. ఆ నాలుగేళ్లూ రాత్రి భోజనాలయ్యాక డైనింగ్ టేబుల్ మీద పాఠం ముందేసుకుని, పక్కన డిక్షనరీ పెట్టుకుని, ఒక్కో పదం పైన పెన్సిల్‌తో తెలుగులో ఉచ్చారణ రాసుకునేది. మేం నవ్వేవాళ్లం. నేను కూడా నవ్వాను.

ల్యాప్‌టాప్‌లో సినిమా నడుస్తుంటే తనూ వచ్చి కూర్చుంది. కింద పడే ఇంగ్లిష్ అక్షరాలు కొన్ని తనే చదువుకుంది, కొన్ని నేను చెప్పాను. క్లాసులో ఎమ్మా తడబడే చోట నేను ఆ నటి గురించి చెప్పబోయాను. "పిన్నీ, ఈవిడ తెలుసా, స్టాన్లీ కుబ్రిక్ అనే ఆయన..."

"ఉండరా, చూడనీ" అంది.

కొంతసేపయ్యాక, తనలో తను అనుకుంటున్నట్టుగా అంది. "పిల్లలకేసి చూట్టంలేదు చూడు. గోడకేసి చూస్తోంది. నేనూ అంతే చేసేదాన్ని. పిల్లల మొహం చూస్తే వచ్చిన ముక్క కూడా పోతుంది."

నేను ఆ షాట్‌ని వెనక్కి తిప్పి మళ్లీ చూశాను. నిజమే.

అంతకుముందు సినిమాల గురించి పదేళ్లుగా రాస్తున్నాను. ఆ చూపు నాకు కనబడలేదు. కుబ్రిక్ ఎవరో తెలియని మనిషికి కనబడింది. ఒక డచ్ నటి, హంగేరియన్ టీచరుగా, ఇంగ్లిష్ రాక ఇబ్బందిపడుతూ, ఏలూరులో ఒక రిటైర్డ్ తెలుగు మీడియం టీచరుకి తన నాలుగేళ్లు తిరిగి చూపించింది. ఇంతకంటే పెద్ద విజయం ఒక నటికి ఏముంటుంది? ఇది జరిగిన పని, 1992లో జరిగి రీలు మీద ఉన్న పని. జరగని 'ఆర్యన్ పేపర్స్' కోసం దీన్ని తొక్కేసుకుంటూ పోతున్నాం.

సినిమా చివర్లో ఎమ్మా మెట్రో స్టేషన్లో నిలబడి పేపర్లు అమ్ముతుంటుంది. పేపరు పేరు గట్టిగా అరుస్తుంటుంది. గొంతు పగిలేలా. క్లాసులో గోడకేసి చూసిన మనిషే. పిన్ని అప్పుడేమీ అనలేదు. లేచి వెళ్లి పొయ్యి మీద పాలు పెట్టింది.

*

కొందరు అడుగుతారని తెలుసు. అంటే కుబ్రిక్ గురించి మాట్లాడకూడదా? ఆ పాత్ర చేసుంటే ఆవిడ స్థాయి వేరుగా ఉండేది కాదా? ఆవిడకి బాధ కలగలేదా?

మాట్లాడొచ్చు. నష్టం నిజమే. అంత సిద్ధపడ్డ పాత్ర చెయ్యిజారితే ఎవరికైనా గట్టి దెబ్బే. కానీ ఆ దెబ్బ గురించి ఆవిడే చెప్పుకున్న చోటు ఒకటుంది. జేన్, లూయిస్ విల్సన్ అనే బ్రిటిష్ కళాకారిణులు, అక్కచెల్లెళ్లు, లండన్‌లోని కుబ్రిక్ ఆర్కైవ్‌లో ఆనాటి దుస్తుల ఫొటోలు చూసి 2009లో 'అన్‌ఫోల్డింగ్ ది ఆర్యన్ పేపర్స్' అనే వీడియో చేశారు. అందులో యొహానా మళ్లీ కెమెరా ముందు నిలబడింది. గొంతు ఆవిడదే. దాదాపు పదిహేనేళ్ల తర్వాత, వయసు పెరిగిన మొహంతో, ఆనాటి విషయం తను చెప్పుకుంది. ఆగిపోయిన సినిమాని కూడా చేసిన పనిగా మార్చుకుంది. ఇదే కథ నేను చెప్పినప్పుడు ఆవిడ మీద జాలి, కుబ్రిక్ మీద గౌరవం మిగిలాయి. ఆవిడ చెప్పుకున్నప్పుడు ఆవిడ మిగిలింది.

ఇంకో వాదన: 1993 తర్వాత ఆవిడ పెద్దగా కనబడలేదు కదా. ఎవరికి కనబడలేదు? 1993లోనే గరెల్‌తో ఇంకో సినిమా చేసింది. 1995లో హెడ్డీ హోనిగ్మాన్ తీసిన డచ్ సినిమా 'తోత్ జీన్స్'లో పెళ్లయిన మగవాడిని ప్రేమించిన స్త్రీగా ప్రధాన పాత్ర. 1997లో బ్రూస్ బెరెస్‌ఫర్డ్ 'పారడైజ్ రోడ్'లో, సుమత్రాలో జపాన్ వాళ్ల నిర్బంధ శిబిరంలో ఉన్న డచ్ నన్. కేట్ బ్లాంచెట్, గ్లెన్ క్లోజ్, ఫ్రాన్సెస్ మెక్‌డార్మండ్ ఉన్న సినిమా అది. బేతోవెన్ సినిమా, రెంబ్రాంట్ సినిమా పైన చెప్పాను. కనబడకపోవడం ఇదేనా? అవి మనం చూడలేదంతే.

ఎందుకు చూడలేదన్నది కూడా అడగాలి. 'స్పోర్‌లోస్'ని నెదర్లాండ్స్ ఆస్కార్‌కి పంపింది. ఫ్రెంచ్ సంభాషణలు ఎక్కువున్నాయని అకాడమీ పక్కన పెట్టేసింది. ఒక డచ్ జంట ఫ్రాన్స్‌లో తప్పిపోయే కథలో ఫ్రెంచ్ ఉండకపోతే ఏముంటుంది? అయిదేళ్లు తిరక్కముందే హాలీవుడ్ అదే సినిమాని, అదే దర్శకుడితో, అంతా ఇంగ్లిష్‌లో, హీరో బతికి బయటపడేలా ముగింపు మార్చి తీసింది. తప్పిపోయే అమ్మాయి పాత్ర సాండ్రా బుల్లక్‌కి ఇచ్చింది. బుల్లక్ అప్పటికి స్టార్ కాదు, కాబట్టి స్టార్ కావాల్సొచ్చి మార్చారని కూడా అనలేం. ఇలా పక్కన పెట్టి, మళ్లీ తీసి, మార్చేసి, ఆ తర్వాత 'అంతగా తెలియని నటి' అంటారు. మనం దాన్ని తెలుగు చేసుకుని 'మరుగున పడ్డ మాణిక్యం' అని శీర్షిక పెడతాం. మరుగున పడటం వానపడటంలాంటిదైనట్టు. ఎవరు మరుగుపరిచారన్నది ఆ శీర్షికలో ఉండదు. నేను అలాంటి శీర్షికతో మూడు వ్యాసాలు రాశాను. మూడింట్లోనూ రాసినవాడి దయ కనబడుతుంది, మాణిక్యం పని కనబడదు.

'అంతగా తెలియని' అన్న మాట అసలు ఎవరి నోట్లోది? డచ్ మాతృభాషగా ఉన్నవాళ్లు ప్రపంచం మొత్తంమీద దాదాపు రెండున్నర కోట్లు. తెలుగు మాతృభాషగా ఉన్నవాళ్లు మనదేశంలోనే 2011 లెక్కల ప్రకారం 8 కోట్ల పైన. మూడు రెట్లకి మించి ఉన్నాం. అయినా ఆమ్‌స్టర్‌డామ్‌లో ఒక సినిమా పిచ్చోడిని ఆపి నలుగురు తెలుగు నటుల పేర్లు చెప్పమంటే తెల్లమొహం వేస్తాడు. మన సావిత్రి అక్కడ 'అంతగా తెలియని నటి'. ఈ మాట వింటే మనకి ఒళ్లు మండుతుంది. మండాలి కూడా. ఎవరో ఒక హాలీవుడ్ పెద్దమనిషి ఆమెని ఒక సినిమాకి అనుకుని మానేసి ఉంటే, డచ్ వాళ్లు ఆమె జీవితాన్ని ఆ ఒక్క ముక్కతో పరిచయం చేసుకుంటే మనం ఒప్పుకుంటామా? 'మాయాబజార్' చూడండయ్యా ముందు, అంటాం. ఆ మాటే నేను ఇక్కడ యొహానా తెర్ స్టేగె గురించి అంటున్నాను.

పేరున్న వాడి వేలు తగిలితేనే ఒక పని పనిగా లెక్కకొస్తుందనే అలవాటు సినిమాల దగ్గర ఆగదు. ఈ పత్రిక చదివే మనలో చాలామందిమి రాసేవాళ్లం. ఎవరో పెద్ద ప్రచురణకర్త చూస్తానని చూడని నవల, ఇంగ్లిష్ అనువాదం దాకా వచ్చి ఆగిపోయిన కథల పుస్తకం, ఇలాంటివి మనందరికీ ఉన్నాయి. తాగినప్పుడు చెప్పుకునేది వాటి గురించే. రాసి, అచ్చయి, రెండొందల మంది చదివిన కథ గురించి ఎవరం మాట్లాడం. ఆ రెండొందల మందిలో ఒక మా పిన్ని ఉండి ఉండొచ్చు. ఆ చదివిన మనిషిని లెక్కలోంచి తీసేసి, చదవని పెద్దమనిషిని లెక్కలో ఉంచుకుంటున్నాం. ఇదెక్కడి లెక్క?

*

ఆ క్లబ్‌లో మళ్లీ మాట్లాడమంటే ఏం చెప్తానో రాసుకున్నాను. కుబ్రిక్ పేరు ఉంటుంది, చివర్లో, ఒక వాక్యంలో. అంతకుముందు సొరంగం, కాఫీ మెషిన్, తాళాలగుత్తి, గోడకేసి చూసిన చూపు ఉంటాయి. వాళ్లు పిలుస్తారో లేదో తెలీదు.

ప్రశ్న అడిగిన అమ్మాయి పేరు కూడా కనుక్కోలేదు. ఇది నీ కంటపడితే, చెల్లీ, ఆరోజు నీకు తప్పు చెప్పాను. ఆవిడ చాలా సినిమాలు చేసింది. 'స్వీట్ ఎమ్మా'తో మొదలుపెట్టు. ఇంట్లో టీచరెవరైనా ఉంటే పక్కన కూర్చోబెట్టుకుని చూడు. మధ్యలో నాలాగా మాట్లాడకు.